దొరగారి బరువు

ఆ ఆదివారం ఇన్‌స్పెక్టరుగారు పెట్టుకున్న పనులు చాలా కొద్ది. ఏడింటికి పిల్లిని తూచాలి. తూచిన బరువు నోటుపుస్తకంలో రాయాలి. పదింటికి పిల్లిని బుట్టలో పెట్టుకుని పశువుల డాక్టరు దగ్గరికి వెళ్ళి, నాలుగు వారాల్లో తమ పిల్లి ఎంత పద్ధతిగా చిక్కిందో చూపించాలి. డాక్టరు మెచ్చుకుంటే మరీ పొంగిపోకూడదని కూడా ముందే అనుకున్నారు.

ఆయన తూనికలు కొలతల శాఖలో ఇన్‌స్పెక్టరు. ఇరవై రెండేళ్ళ సర్వీసులో తన కళ్ళుగప్పి ఒక్క గ్రాము కూడా దాటిపోలేదని ఆయన నమ్మకం. దుకాణాలవాళ్ళు ఆయన్ని వెనకాల ‘గ్రాములయ్య’ అనేవాళ్ళు. ఆ మాట ఒకరోజు ఆయన చెవిన పడింది. కోపం రాలేదు సరికదా, ఇంటికొచ్చి భార్యతో రెండుసార్లు చెప్పుకున్నారు.

పిల్లి ఇంట్లోకి వచ్చిన రోజున దాన్ని కూడదంటే కూడదన్నది ఆయనే. పదేళ్ళ కూతురు వానలో తడిసిన కూనను పుస్తకాల సంచిలో దాచి తెచ్చింది. మూడు రోజుల్లో పంపించెయ్యాలని ఆయన గడువు పెట్టారు. నాలుగో రోజు సాయంత్రం ఆయన స్కూటరు చప్పుడు వినగానే అది గుమ్మం దాకా పరుగెత్తుకొచ్చింది. ఇన్నేళ్ళలో ఆయన వచ్చారంటే లోపలికి పరుగెత్తినవాళ్ళే కానీ ఎదురు పరుగెత్తుకొచ్చినవాళ్ళు లేరు. ఆయన గుమ్మంలో చాలాసేపు అలాగే నిలబడిపోయారు. దానికి ‘దొరగారు’ అని పేరు పెట్టింది కూడా ఆయనే.

అందుకే దొరగారి ఒళ్ళు కాస్త పెరిగినట్టు అనిపించగానే ఆయనకు దిగులు పట్టుకుంది. ఒళ్ళు బరువైన పిల్లులు ఎక్కువకాలం బతకవని ఎక్కడో చదివారు. మర్నాడే ఒక కాటా కొనుక్కొచ్చి పెరటి వరండాలో పెట్టారు. పైన చదునైన రేకు పళ్ళెం, ముందు గుండ్రటి అద్దం, లోపల ఎర్ర ముల్లు, జానెడు ఎత్తు, పదికిలోల దాకా తూగుతుంది. తిండి సగానికి సగం కోశారు. రోజుకు ముప్పై గ్రాముల ఎండుచేప, అది కూడా తానే తూచి పెట్టేవారు. పిల్లిని మాత్రం మొదటి ఆదివారం ఒక్కసారి తూచి, మళ్ళీ నాలుగు వారాలకే తూచాలని ఆగి, మధ్య ఆదివారాల్లో కాటా ముల్లు సరిచూసుకోవడంతో సరిపెట్టుకున్నారు.

ఆ ఆదివారం ముల్లు సున్నా దగ్గర లేదు. కిందటి ఆదివారమూ లేదు, అంతకుముందూ లేదు. చలికి రేకు ముడుచుకుంటోందిలే అనుకుని ఎప్పటిలాగే పక్కనున్న మర తిప్పి ముల్లును సున్నాకు తెచ్చారు. పిల్లిని ఎత్తి పళ్ళెంలో కూర్చోబెట్టారు. ముల్లు అయిదు దాటింది, అయిదున్నర దాటింది, అయిదు కిలోల తొమ్మిది వందల దగ్గర తాపీగా ఆగింది. మొదటివారం అయిదు కిలోల రెండు వందలు. సగం తిండి తిన్న పిల్లి నెల తిరిగేసరికి ఏడు వందల గ్రాములు పెరిగింది.

ఎవరైనా ముందు కాటాను అనుమానిస్తారు. ఇన్‌స్పెక్టరుగారు ఇంట్లోవాళ్ళను అనుమానించారు. కాటా ఆయన కొన్నది, ఆయన పెట్టింది. ఇక అందులో చూడాల్సిందేముంది?

భోజనాల బల్ల దగ్గర విచారణ జరిగింది. కూతురు మూడు నిమిషాలు బింకంగా కూర్చుని, స్కూలుకెళ్ళే ముందు రోజూ సగం బిస్కెట్టు వేస్తున్నానని కళ్ళనీళ్ళతో ఒప్పుకుంది. భార్య మాత్రం పాలగిన్నె కడిగేముందు పిల్లి ముందు పెట్టడం తన జన్మహక్కని చెప్పింది. ఆయన కాగితం మీద లెక్కవేస్తే ఆ రెండూ కలిపినా ఏడు వందల్లో ఏ మూలకూ రాలేదు. మిగిలింది ఆయన తల్లి. ఆవిడ పిడికెడు మనిషి, మాట మాత్రం గట్టిది. ఆరోజు ఎందుకో తలొంచుకుని చేతిరుమాలు మడతపెడుతూ కూర్చుంది.

“అమ్మా, నువ్వేమైనా పెడుతున్నావా?”

“నేను దానికి ఒక్క మెతుకు పెట్టి ఎరగను” అంది ఆవిడ. అది నిజమే.

నేరం ఒప్పుకునేవాళ్ళు దొరకనప్పుడు సరుకుకు సీలు వెయ్యాలి. అది శాఖలో పద్ధతి. వంటింట్లో నిలువెత్తు చెక్క అలమారు ఉంది. బిస్కెట్లు, పాలపొడి, ఎండుచేపల డబ్బా అన్నీ అందులోనే. దాని తలుపులు బార్లా తెరిచి, లోపలివన్నీ ఒక జాబితా రాసుకుని, ఆయన పడకగదిలోకి వెళ్ళి ఆఫీసు సంచి తెచ్చారు. తలుపులు మూసి, రెండు పిడుల్లోంచి తీగ దూర్చి మెలేసి, సీసపు బిళ్ళ తగిలించి పటకారుతో నొక్కారు. ఆయన చేత్తో వేసిన సీలు ఎప్పుడూ ఒక్క నొక్కుకే పడుతుంది.

భార్య పొయ్యి మీద నీళ్ళు మరుగుతుండగా వెనక్కి తిరిగి చూసింది.

“టీ పొడి కూడా అందులోనే ఉందండీ. అది తీసుకోవాలంటే దరఖాస్తు ఏ ఆఫీసులో ఇవ్వాలి?”

ఒకసారి వేసిన సీలును వేసినవాడు కూడా ఇష్టమొచ్చినట్టు తెంపకూడదని, బయటివాళ్ళు ఇద్దరు సాక్షులుగా ఉండాలని ఆయన శాంతంగా వివరించారు. ఆవిడ పొయ్యి ఆర్పేసి పేపరు చదువుకోవడానికి వెళ్ళిపోయింది. ఆ ఇంట్లో ఆ ఉదయం టీ లేదు.

తొమ్మిదిన్నరకు బుట్ట సిద్ధమైంది. పిల్లి లేదు. మంచాల కింద చూశారు, బీరువా మీద చూశారు, ఉతికిన బట్టల గంపలో చూశారు. కూతురు వీధి చివరిదాకా పిలుచుకుంటూ వెళ్ళి వచ్చింది. సగం తిండికి అలిగి వెళ్ళిపోయిందేమో, ఇక స్కూటరు చప్పుడుకు ఎవరూ ఎదురురారేమో అని ఇన్‌స్పెక్టరుగారి మనసులో ఒకటే గుబులు. పిల్లి కోసం ఇంత గుబులు పడుతున్నానని ఎవరికీ తెలియకూడదని మరో గుబులు.

“గోడవతల చూడకపోయావా నాయనా” అంది తల్లి మెల్లిగా.

గోడవతల ఉన్నది ఆయన అక్కగారి ఇల్లు. తండ్రి ఇచ్చిన ఒక్క పెరటినే రెండు చేసి మధ్యలో గోడ లేపి, గోడలో ఒక తలుపు పెట్టుకున్నారు. ఆ తలుపు పద్దెనిమిదేళ్ళు మూసిన పాపాన పోలేదు. రెండేళ్ళ కిందట ఆయన బావగారి సరుకుల దుకాణానికి తనిఖీకి వెళ్ళి, కిలోకు ఇరవై గ్రాములు తక్కువ తూగుతోందని కొనేవాళ్ళందరి ముందూ కాటాకు సీలు వేశారు. దుకాణం మూడు రోజులు మూతపడింది. చెప్పి సరిచేయించొచ్చు కదరా అని అక్క ఏడుస్తూ అడిగితే, “చట్టానికి చుట్టరికాలు ఉండవక్కా” అన్నారు. ఆ సాయంత్రమే బావగారు అటునుంచి తలుపుకు మేకు కొట్టారు. తానేం తక్కువని ఈయన ఇటునుంచి ఇంకో మేకు కొట్టారు. ఆనాటి నుంచి మాటల్లేవు.

గోడ ఆయన కళ్ళ కంటే బెత్తెడు ఎత్తుంది. ఎక్కడానికి ఏమైనా దొరుకుతుందా అని చుట్టూ చూస్తుంటే తల్లి వరండా వైపు చెయ్యి చూపించింది.

“అదుగో, దాని మీద ఎక్కు. సరిగ్గా అందుతుంది.”

ఆవిడ చూపించింది కాటాను. పదికిలోల కాటా మీద మనుషులెక్కుతారా అమ్మా అని ఆయన విసుక్కున్నారు. ఆవిడ గభాలున నోరు మూసుకుని లోపలికి వెళ్ళిపోయింది. ఆయన వంటింట్లోంచి ముక్కాలిపీట తెచ్చుకుని, దాని మీద నిలబడి, రెండేళ్ళ తర్వాత మొదటిసారి అక్కగారి పెరట్లోకి తొంగిచూశారు.

చూసేసరికి ఒళ్ళు మండిపోయింది. గోడ పక్కనే చిన్న చాప, చాప మీద గిన్నె, గిన్నెలో చేప ముక్కలు. అక్కగారు చీరకొంగు బొడ్లో దోపుకుని మొక్కల సందుల్లో “బుజ్జిగా, బుజ్జిగా” అని పిలుస్తూ తిరుగుతోంది. ఏడు వందల గ్రాముల నేరం ఎక్కడ జరుగుతోందో ఆయనకు తేటతెల్లమైంది.

“మా పిల్లికి మీరు తిండి పెడుతున్నారు” అన్నారు గోడమీంచి. మాట కలపడానికి ఇంతకంటే మంచి వాక్యం ఆయనకు దొరకలేదు.

అక్కగారు తలెత్తి చూసింది. “మీ పిల్లా? రోజుకు ముప్పై గ్రాములు పెట్టి మాడ్చే ఇల్లు దానిదెలా అవుతుంది ఇన్‌స్పెక్టరుగారూ? పిల్లికి బిచ్చం పెట్టని ఇల్లంటే విన్నాను కానీ, పెంచుకున్న పిల్లికే పెట్టని ఇల్లు ఇదే చూడడం.”

ముప్పై గ్రాములన్న అంకె గోడ దాటి ఎలా వెళ్ళిందో ఆ క్షణాన ఆయనకు తట్టలేదు. పిల్లిని దాచిపెట్టారని ఆయన, ఉదయం నుంచి అది రాకపోవడానికి ఆయనే ఏదో చేశారని ఆవిడ వాదించుకున్నారు. గొడవ విని బావగారు పేపరు చేత్తో పట్టుకుని బయటికొచ్చారు. కావాలంటే ఇల్లంతా తనిఖీ చేసుకోమనండి, తనిఖీలు మనకు కొత్తా అని పేపరుతో చెబుతున్నట్టు చెప్పారు. ఇన్‌స్పెక్టరుగారు ఘాటైన జవాబొకటి సిద్ధం చేసుకుని, దానికి తగ్గట్టుగా గోడమీదకు ఇంకాస్త వంగారు. ముక్కాలిపీటకు ఉన్న మూడు కాళ్ళలో ఒకటి అందుకు ఒప్పుకోలేదు.

ఆయన అవతల సబ్బునీళ్ళలో నానబెట్టిన బట్టల తొట్టిలో పడ్డారు.

మొదట పరుగెత్తుకొచ్చింది అక్క. “దెబ్బ తగిలిందా? ఏదీ మోచెయ్యి చూపించు” అంటూ, చిన్నప్పుడు స్కూలు గుమ్మం దగ్గర పడ్డప్పుడు దులిపినట్టే ఆయన మోకాళ్ళు దులిపేసింది. ఆ తర్వాత తాము మాట్లాడుకోవడం లేదని గుర్తొచ్చి చెయ్యి వెనక్కి తీసుకుంది. ఆయనకు మోచెయ్యి కంటే అదే ఎక్కువ నొప్పెట్టింది.

ఇప్పుడు ఇంటికి ఎలా వెళ్ళాలన్నది ప్రశ్న. వీధిలోంచి వెళ్ళాలంటే ఇరవై ఇళ్ళు చుట్టి రావాలి. ఆదివారం పూట అందరూ అరుగుల మీదే ఉంటారు. ఒంటినిండా సబ్బునురగతో, భుజం మీద బావగారి తడి చొక్కాతో గ్రాములయ్య నడిచి వెళితే ఆ కథ చిల్లరకొట్ల దగ్గర ఏడాదిపాటు తూకం వేసి అమ్ముతారు. బావగారు ఆ దృశ్యాన్ని మనసులో కాసేపు ఆస్వాదించారు. అయినా మంచిమనిషి. లోపలికెళ్ళి సుత్తి తెచ్చి తలుపు మేకు ఊడగొట్టడానికి బాదడం మొదలుపెట్టారు. ఇవతల నుంచి భార్య, భర్తగారి సీలు పటకారుతో రెండో మేకు పట్టుకుని లాగింది. రెండేళ్ళ తుప్పు పట్టిన మేకులు పెద్ద గోల చేసి ఊడొచ్చాయి.

ఆ బాదుడుకు వంటింట్లో ఎవరో నిద్ర లేచారు. సీలు వేసిన అలమారులోంచి ‘మ్యావ్’ అని వినిపించింది.

అందరూ అలమారు ముందు గుమిగూడారు. చంకలో పిల్లను పెట్టుకుని ఊరంతా వెతకడమంటే ఏమిటో నానమ్మ మనవరాలికి అక్కడికక్కడే వివరించింది. ఆయన సంచి కోసం పడకగదిలోకి వెళ్ళిన రెండు నిమిషాల్లో దొరగారు పై అరలోకి ఎక్కేశాడన్నమాట. భార్య పటకారు తీగకు తగిలించబోతే ఆయన తడిబట్టలతోనే అడ్డం నిలబడ్డారు.

“వద్దు. బయటివాళ్ళు ఇద్దరు సాక్షులుండాలి. కుటుంబసభ్యులు పనికిరారు.”

“మేమున్నాంగా” అన్నారు బావగారు చాలా మర్యాదగా. “మేం కుటుంబం కాదని రెండేళ్ళ కిందటే రుజువైపోయింది.”

ఇన్‌స్పెక్టరుగారు సంచిలోంచి ఫారం తీశారు. సీలు చెక్కుచెదరలేదు, తీగ సరిగ్గా ఉంది, లోపల నుంచి శబ్దం వస్తోంది అని రాసుకున్నారు. బావగారు సాక్షిగా మొదటి వరసలో సంతకం చేసి, యజమానితో బంధుత్వం అన్న గడిలో ‘లేదు’ అని గుండ్రంగా రాశారు. కలం అక్కగారి చేతికిచ్చారు. ఆవిడ సంతకం చేసింది. గడి దగ్గర ఆగింది. లోపల పిల్లి తలుపు గీరుతోంది. ఆవిడ చాలాసేపు తమ్ముడి మోచేతి మీద గీరుకున్న చోటువంక చూసి, గడిలో ‘అక్క’ అని రాసింది.

“అలా రాస్తే ఫారం చెల్లదే” అన్నారు బావగారు.

ఇన్‌స్పెక్టరుగారు ఆ కాగితం తీసుకుని చూశారు. నీళ్ళు ఆయన జుట్టులోంచి కారుతున్నాయో కళ్ళలోంచి కారుతున్నాయో ఎవరికీ తెలియలేదు, ఆయన కూడా చెప్పలేదు.

“చెల్లకపోతే పోనీలెండి బావగారూ” అని తీగ తెంపారు. సర్వీసులో ఆయన ఆ మాట అనడం అదే మొదలు.

దొరగారు ముఖమంతా పాలపొడితో, ఎక్కడా తొందర లేకుండా దిగొచ్చాడు. ఎండుచేపల డబ్బా ఖాళీ. వచ్చీరాగానే అక్కగారి కాళ్ళకు ఒకసారి, ఇన్‌స్పెక్టరుగారి తడి కాళ్ళకు ఒకసారి ఒళ్ళు రాసుకుని, ఇద్దరి మధ్యా కూర్చున్నాడు.

ఇప్పుడైనా చూశారా, ఇలా మేపితే ఏడు వందల గ్రాములు పెరగక ఏం చేస్తుందని ఇన్‌స్పెక్టరుగారు మళ్ళీ అందుకున్నారు. బావగారు ఇంటి ముందున్న దుకాణంలోకి వెళ్ళి కాటా మోసుకొచ్చారు. ఆ కాటాకు ఇన్‌స్పెక్టరుగారే స్వయంగా కొట్టిన ఈ ఏడాది ముద్ర ఉంది. పిల్లిని దాని మీద కూర్చోబెట్టారు. డబ్బాడు చేపలతో, పాలపొడితో కలిపి దొరగారు అయిదు కిలోల రెండు వందలు తూగాడు. నాలుగు వారాల కిందట పుస్తకంలో రాసిన మొదటి అంకె అదే.

ఆయన పరుగున పిల్లిని వరండాలోకి తీసుకెళ్ళి సొంత కాటా మీద పెట్టారు. ముల్లు ఆరు కిలోలు చూపించింది. బావగారు జేబులోంచి ముద్ర ఉన్న కిలో రాయి తీసి పళ్ళెంలో పెట్టారు. ముల్లు కిలో నూట యాభై అంది.

“నాది కిలోకి ఇరవై గ్రాములే బావమరిదీ” అన్నారు బావగారు, వీలైనంత మెల్లగా. “గురివింద గింజను చూస్తే నాకెప్పుడూ జాలేస్తుంది.”

ఇన్‌స్పెక్టరుగారు అక్కడే కూలబడి, కాటా వెనక రేకు విప్పి చూశారు. ఆయనకు తెలియని విషయం కాదు. స్ప్రింగు చచ్చిపోయి ఉంది. తాహతుకు మించిన బరువు రోజూ పడితేనే అలా అవుతుంది. అది పిల్లి పని కాదు. కనీసం నలభై కిలోల మనిషి, ఒకే చోట, చాలాసేపు నిలబడి ఉండాలి. ఆయన మెల్లగా తలెత్తి ముందు గోడ ఎత్తు చూశారు, తర్వాత తల్లి ఎత్తు చూశారు.

తల్లి చేతిరుమాలు విప్పి మళ్ళీ మడతపెట్టింది.

“పూలకుండీ బోర్లేసుకునేదాన్నిరా. అది పగిలింది. ఇది సరిగ్గా అందింది. పిల్లి అటు దూకినప్పుడల్లా వెతకడానికని వెళ్ళేదాన్ని. మీ అక్క దాన్ని ఎత్తుకుని గోడ దగ్గరికొచ్చేది. ఓ పావుగంట మాట్లాడుకునేవాళ్ళం. నువ్వు ఆఫీసు నుంచి వచ్చేలోపు దిగిపోయేదాన్ని. నా కూతుర్ని చూడాలని ఉండదా నాకు?”

ఇన్‌స్పెక్టరుగారికి ప్రతి ఆదివారం తాను మర తిప్పి సున్నాకు తెచ్చిన ముల్లు గుర్తొచ్చింది. సిగ్గుతో ఆయన చెవులు ఎర్రబడ్డాయి. తన ఇంట్లో డెబ్భై ఏళ్ళ తల్లి కూతురి ముఖం కోసం రోజూ మునివేళ్ళ మీద నిలబడుతోందని కాటా నెలరోజులుగా చెబుతూనే ఉంది. ఆయన దాన్ని వాతావరణం అనుకున్నారు.

లేచి వెళ్ళి సంచి తెచ్చి, సొంత కాటాకు తీగ చుట్టి, సీసం తగిలించి, ఒక్క నొక్కు నొక్కారు. దోషమున్న కాటా ఉంచుకున్నందుకు యజమానికి నోటీసు రాసి తానే సంతకం చేసి, తానే అందుకుని, చదవమని బావగారికిచ్చారు. బావగారు రెండుసార్లు చదివి, దుకాణంలో అద్దం కట్టించి పెట్టుకుంటానన్నారు. రెండేళ్ళ కిందట అందరి ముందూ అలా చెయ్యకుండా ఉండాల్సిందని ఇన్‌స్పెక్టరుగారు గొణిగారు. అది సరిగ్గా వినపడలేదని, కొంచెం పెద్దగా చెప్పమని బావగారు అడిగారు. ఆయన మళ్ళీ చెప్పారు. ఈసారి అక్క విని లోపలికెళ్ళి అందరికీ టీ పెట్టుకొచ్చింది.

“దీనికి సీలేశావు. మరి రేపు సాయంత్రం నేను దేని మీద నిలబడాలిరా?” అంది తల్లి టీ తాగుతూ.

తలుపు బార్లా తెరిచే ఉంది. ఇన్‌స్పెక్టరుగారు రెండు మేకులూ ఏరి, సాక్ష్యంగా పనికొస్తాయని సంచిలో వేసుకున్నారు. పదింటికి వెళ్ళాల్సిన డాక్టరు దగ్గరికి ఆరోజు ఎవరూ వెళ్ళలేదు.

ఆ తర్వాత దొరగారికి గోడ దూకే శ్రమ తప్పింది. రెండిళ్ళలోనూ వేళకు తిని, రెండు పేర్లకూ పలికి, మధ్య గుమ్మంలో అటు సగం ఇటు సగంగా పడుకోవడం మొదలుపెట్టాడు. నెల తిరిగాక ఒక ఆదివారం అందరూ కలిసి వాడిని బావగారి కాటా మీద తూస్తే ఆరు కిలోల వంద గ్రాములు ఉన్నాడు. ఈసారి కాటా తప్పేమీ లేదు.